పా బుప్ఫా అడిగిన ఒక్క ఆదివారం

గానెట్ బేలో నేను క్లినిక్ పెట్టాక నాకు మొదట దగ్గరైన మనిషి పా బుప్ఫా. ‘పా’ అంటే థాయ్ భాషలో పెద్దమ్మ. ఊళ్ళో చిన్నా పెద్దా అందరూ ఆవిణ్ణి అలాగే పిలిచేవాళ్ళు. మొండితనంలో నేను ఎవరికీ తీసిపోనని మా ఆయన అంటారు గానీ, ఆవిడ ముందు నేను దిగదుడుపే.

సిడ్నీకి దక్షిణాన, హెలెన్స్‌బర్గ్ వెంకటేశ్వరస్వామి గుడి నుంచి కారులో కొండ దిగితే సముద్రాన్ని ఆనుకుని ఉంటుందీ ఊరు. ఒకప్పుడు బొగ్గుగని ఊరు. ఇసుకలో ఇప్పటికీ నల్లటి రవ్వలుంటాయి. పిల్లలు ఆడుకుని ఇంటికొస్తే పాదాలు మసిబారి ఉంటాయి. గని మూతపడ్డాక తెల్లవాళ్ళు చాలామంది వెళ్ళిపోయారు. అప్పటికే గనివాళ్ళని పెళ్ళి చేసుకుని వచ్చిన థాయ్ ఆడవాళ్ళు కొందరుండేవారు. వాళ్ళ వెనక చెల్లెళ్ళూ తమ్ముళ్ళూ వచ్చారు. పడవలు కొన్నారు, వలలు బాగుచేసుకున్నారు, గనికార్మికుల పాత హాలు తీసుకుని అందులో బుద్ధుణ్ణి కూర్చోబెట్టి విహారం చేసుకున్నారు. వాళ్ళ జోలికి ఎవరూ వెళ్ళలేదు, వాళ్ళూ ఎవరి జోలికీ రాలేదు. విహారంలో గంట కొడితే నా క్లినిక్‌లోకి వినిపించేంత నెమ్మదైన ఊరు.

మాది భీమిలి. కొండమీది పాత బౌద్ధారామం ఇటుకల మధ్య దాగుడుమూతలాడి పెరిగినదాన్ని. అలాంటి నాకు ఇక్కడ పొద్దున్నే భిక్షువు పాత్ర పట్టుకుని బీచి వెంట నడిచొస్తుంటే, ఆడవాళ్ళు గుమ్మాల ముందు అన్నం గిన్నెలతో మోకాళ్ళమీద కూర్చుంటే, చూడ్డానికి ముచ్చటగా ఉండేది.

పా బుప్ఫా మొదటి భర్త తన దేశంలోనే చేపలవేటకి వెళ్ళి తిరిగిరాలేదు. చంటిపిల్లవాడు విరోట్‌తో ఉన్న ఆవిణ్ణి ఇక్కడి గనిమనిషి ఒకాయన పెళ్ళాడి తీసుకొచ్చాడు. ఆయనా ఊపిరితిత్తుల జబ్బుతో పోయాడు. అప్పట్నుంచి ఆవిడ రేవు దగ్గర షెడ్డులో చేపలు కోసి, శుభ్రం చేసి, కొడుకుని యూనివర్సిటీలో చదివించింది. చుట్ట కాల్చేది. మానమని నేను తిడితే నవ్వి, రెండో చుట్ట వెలిగించేది.

తొంభైతొమ్మిది ఆగస్టులో నడుం నొప్పని క్లినిక్‌కి వచ్చింది. బల్లమీద పడుకోబెట్టాను. పొట్టమీద చెయ్యి వెయ్యకముందే నాకు కనిపించింది: బొడ్డు పైన జాకెట్టు అంచు గుండెతో పాటు లేచి పడుతోంది. చెయ్యి పెడితే లోపల ఏదో నా అరచేతిని తన్నుతోంది. స్కాన్ తీయించాం. పొట్టలో పెద్ద రక్తనాళం ఒకచోట బుడగలా ఉబ్బింది. పగిలిందంటే ఆస్పత్రికి చేర్చే వ్యవధి కూడా ఉండదు. ఆపరేషన్ చేస్తే బతుకుతుంది, వెంటనే చెయ్యాలి. ఇదంతా ఏమీ దాచకుండా చెప్పాను.

ఆవిడ శ్రద్ధగా విని, “చేయించుకుంటాను డాక్టర్. విరోట్ చీవరం కట్టాక,” అంది.

నాకు అర్థం కాలేదు. ఆవిడే చెప్పింది. వాళ్ళలో ప్రతి మగపిల్లవాడూ ఒక్కసారైనా, కొన్నాళ్ళపాటైనా, గుండు చేయించుకుని, చీవరమనే పసుపు బట్ట కట్టి భిక్షువు కావాలి. ఆ పుణ్యం తల్లిది. చనిపోయాక తల్లి ఆ కొడుకు పసుపు చీవరం అంచు పట్టుకుని పైకి వెళుతుందట.

“నేను జీవితమంతా చేపల్ని కోసినదాన్ని. మీరు మత్తిచ్చి పడుకోబెడతారు. ఆ నిద్రలోంచి లేవకపోతే నా చేతిలో పట్టుకోడానికి ఏముంది?”

“లేస్తావు! ముందు ఆపరేషన్, తర్వాత నీ ఇష్టం వచ్చినన్ని చీవరాలు,” అని గట్టిగానే అరిచాను. బయట కూర్చున్న పేషెంట్లకి కూడా వినిపించి ఉంటుంది. ఆవిడ లేచి జాకెట్టు సర్దుకుని, నా చెయ్యి తట్టి వెళ్ళిపోయింది. ఆ రోజునుంచి ఫోను మోగితే చాలు, ఆవిడ గురించేనేమోనని పరిగెత్తేదాన్ని.

విరోట్ సిడ్నీలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగి. క్వేకర్స్ హిల్‌లో మన తెలుగు కుర్రాళ్ళతో కలిసి ఇల్లు అద్దెకు తీసుకున్నాడు. గోంగూర పచ్చడి తినడమూ, నన్ను ఆంటీ అనడమూ వాళ్ళ దగ్గరే నేర్చుకున్నాడు. అప్పుడంతా వైటూకే గోల. రెండువేల సంవత్సరం రాగానే కంప్యూటర్లు తేదీ తెలియక తికమకపడతాయనీ, బ్యాంకులు మూతపడతాయనీ, కరెంటు పోతుందనీ పేపర్ల నిండా అదే. ప్రపంచాన్ని మోస్తున్నది తామేనన్నట్టు ఆ కుర్రాళ్ళు ఆదివారాలు కూడా ఆఫీసులోనే ఉండేవారు. తీరా చూస్తే ఏమీ జరగలేదు. ఆ సంగతి అప్పుడెవరికీ తెలియదు కదా.

విరోట్‌ని పిలిచి కూర్చోబెట్టి అన్నీ చెప్పాను. బుద్ధిగా విన్నాడు.

“ఆంటీ, పగిలే ఛాన్స్ ఎంత పర్సెంట్?”

“ఏడాదిలో పదిమందిలో ఒకరికో ఇద్దరికో పగులుతుంది.”

“అంటే జనవరిదాకా రిస్క్ చాలా తక్కువ. అప్పటికి ప్రాజెక్ట్ గో-లైవ్ అయిపోతుంది. రెండు వారాలు భిక్షువుగా ఉంటాను. వెంటనే అమ్మకి సర్జరీ.”

లెక్క తప్పు కాదు. అందుకే నాకు ఇంకా ఒళ్ళు మండింది. మీ అమ్మ పర్సెంట్ కాదురా అన్నాను. తల ఊపాడు, నేనేదో పెద్దవాళ్ళ చాదస్తం మాట్లాడుతున్నట్టు.

అతని టీమ్ లీడర్ ద్వారకానాథ్ మనవాడే, గుంటూరు వైపు. హెలెన్స్‌బర్గ్ గుడిలో పులిహోర తింటూ దొరికాడు. వదల్లేదు నేను.

“అక్కా, మీరడిగితే కాదంటానా? కానీ లీవ్స్ అన్నీ ఫ్రీజ్ చేసేశారు. డిసెంబర్ అయ్యేదాకా ఎమర్జెన్సీ అయితే తప్ప ఎవరికీ ఇవ్వట్లా.”

“ఎమర్జెన్సీ అయ్యాక లీవెందుకయ్యా? అప్పటికి మనిషే ఉండదు.”

అతను ప్లేటు పక్కన పెట్టాడు. “ఒక్క సండేలో అయ్యే పనైతే చేసుకోమనండక్కా. ఆ సండే నేను చూసుకుంటా. గుండు ప్రాబ్లమే కాదు. మార్చిలో తిరపతి నుంచి గుండుతో డైరెక్ట్‌గా ఆఫీసుకొచ్చా, ఎవడూ ఏం అడగలా.”

నేను నేరుగా విహారానికి వెళ్ళాను. పెద్ద భిక్షువుని అందరూ లువాంగ్ పో అంటారు, పూజ్యులైన తండ్రి అని. ఒక్క రోజైనా చాలన్నాడాయన. ఉదయం చీవరం ఇస్తాను, మర్నాడు తెల్లవారగానే విప్పేసి రైలెక్కి ఆఫీసుకి వెళ్ళొచ్చు అన్నాడు. నవంబర్‌లో ఒక ఆదివారం ఖాయమైంది. ఆ పై వారం ఆపరేషన్‌కి ఆస్పత్రిలో నేనే మాట్లాడిపెట్టాను. పా బుప్ఫా ఆ రోజు క్లినిక్‌కి వచ్చి, ఎన్నడూ లేనిది, నన్ను గట్టిగా వాటేసుకుంది. ఆవిడ పొట్టలో ఆ కొట్టుకోవడం నా ఒంటికి తగిలింది. సంతోషించాలో భయపడాలో తెలియలేదు.

ఆ ఆదివారం ఊరంతా విహారం వరండాలోనే ఉంది. పా బుప్ఫా కొత్త పట్టు చీర లాంటి నడుంబట్ట కట్టుకుంది. పద్ధతి ప్రకారం తల్లే ముందు కత్తెర పట్టుకుని కొడుకు జుట్టులో ఒక పాయ కత్తిరించి తామరాకులో పెట్టింది. తర్వాత లువాంగ్ పో మంగలికత్తితో తలంతా నున్నగా గీశాడు. గుండు కడిగారు. అప్పుడాయన విరోట్ గడ్డం కింద వేలు పెట్టి మొహం పైకెత్తి, కనుబొమల మీద సబ్బు రాశాడు.

విరోట్ ఆయన మణికట్టు పట్టుకున్నాడు.

థాయ్ భిక్షువులు కనుబొమలు కూడా తీసేస్తారు. రోజూ చూస్తున్నా నేను గమనించలేదు, ద్వారకానాథ్‌కి తెలియదు. విరోట్‌కి తెలిసే ఉండాలి. కానీ పన్నెండేళ్ళుగా ఊరికి దూరంగా ఉన్నవాడు, ఇంతవరకూ దాని గురించి ఆలోచించినట్టు లేదు.

“రేపు క్లయింట్ దగ్గర ప్రెజెంటేషన్ ఉంది,” అన్నాడు నాతో ఇంగ్లీషులో, నేనేదో కాపాడతానన్నట్టు. “గుండు ఫర్వాలేదు ఆంటీ. కనుబొమలు లేకుండా ఎలా వెళ్ళను? ఏదో రోగం అనుకుంటారు. జనవరిలో నన్ను పర్మనెంట్ చేసేది ఆ క్లయింటే. ఇవి వదిలేసి మిగతాదంతా చెయ్యమని చెప్పండి.”

లువాంగ్ పో కోప్పడలేదు. వదిలేస్తే అది చీవరం కాదు, వేషం అవుతుంది అని మాత్రం అన్నాడు. సబ్బు నీరు విరోట్ కంట్లోకి కారుతోంది.

“నీ కనుబొమలు మళ్ళీ మొలుస్తాయిరా, మీ అమ్మ మొలవదు!” అని నేను తెలుగులోనే అరిచేశాను. అతనికి అర్థమైందో లేదో గానీ తల దించుకున్నాడు.

పా బుప్ఫా లేచి వచ్చి, తన నడుంబట్ట చివరతో కొడుకు కనుబొమల మీది సబ్బు తుడిచింది. “జనవరిలో పెట్టుకుందాం. అప్పుడైతే తొందరుండదు, రెండు వారాలు నిండుగా ఉంటాడు,” అంది నవ్వుతూ. వండిన అన్నం అందరికీ తనే వడ్డించింది. వారం తర్వాతి ఆపరేషన్ రద్దు చేయించింది కూడా తనే. నేను బతిమాలాను, తిట్టాను, లువాంగ్ పో చేత చెప్పించాను. లాభం లేకపోయింది. విరోట్ సోమవారం గుండుతో ఆఫీసుకి వెళ్ళాడు. ఎవడూ ఏం అడగలేదట.

ఆ తర్వాత నాకు సముద్రం చప్పుడు కూడా భయంగానే ఉండేది. ఆవిడ రోజూ పొద్దున్న బీచి మీద జల్లెడ బల్లలు పరిచి చేపలు ఎండబెట్టేది. బుట్టలు ఎత్తొద్దని చెప్పాను. నేను కారాపి చూస్తున్నానని తెలిస్తే బుట్ట దించేసేది, నేను వెళ్ళగానే మళ్ళీ ఎత్తేది. దూరం నుంచి చూస్తే అంత ఆరోగ్యమైన మనిషి లేనట్టుండేది.

డిసెంబర్ మధ్యలో, ఇక్కడి ఎండాకాలపు వేడిగాలి వీచిన ఒక ఉదయం, విహారం వంటింట్లోంచి ఒకమ్మాయి పరిగెత్తుకుంటూ వచ్చింది. నేను వెళ్ళేసరికి పా బుప్ఫా నేలమీద గోడకి ఆనుకుని కూర్చుని ఉంది. మొహం సున్నంలా ఉంది. నడుంలో కత్తి దించినట్టుందని చెప్పింది. పొట్ట బిగుసుకుపోయింది. అంబులెన్స్ వస్తోందన్నాను. ఆవిడ నా భుజం మీదుగా గుమ్మం వైపు చూసి, “విరోట్ వచ్చాడా?” అంది. వస్తున్నాడన్నాను. అతని మొబైల్ ఆఫ్‌లో ఉంది, టెస్టింగ్ రూములోకి ఫోన్లు తీసుకెళ్ళనివ్వరు. నా చేతిలో ఆవిడ నాడి సన్నబడి, సన్నబడి, దొరక్కుండా పోయింది. ఇన్నేళ్ళ డాక్టరీలో నేనంత నిస్సహాయంగా ఎప్పుడూ కూర్చోలేదు.

వాళ్ళలో ఇంకో ఆచారం ఉంది. తల్లి బతికుండగా చీవరం కట్టని కొడుకు ఆవిడ దహనం రోజున, చితి ముందు, ఒక్కరోజు కడతాడు. విరోట్ ఆ ఉదయం అదే వరండాలో కూర్చున్నాడు. నెలరోజుల జుట్టు తలమీద పొట్టిగా మొలిచి ఉంది. లువాంగ్ పో కత్తి తీసుకోగానే, “ముందు కనుబొమలు,” అన్నాడు. మొదటి పాయ కత్తిరించడానికి తల్లి లేదు. ఆ కత్తెర నాకిచ్చారు. కత్తిరించాను.

దహనశాలలో, పోయిన మనిషిని ఉంచిన పెట్టె మీద కాయితం పువ్వు పెట్టి, చేతులు జోడించి పక్కకి తప్పుకోవడం పద్ధతి. భిక్షువులు ముందు వెళతారు. కొత్త పసుపు చీవరంలో, కనుబొమలు లేని మొహంతో విరోట్ ఎవరో తెలియనివాడిలా ఉన్నాడు. పువ్వు పెట్టాడు. చేతులు రెండూ రొమ్ముదాకా లేచాయి. వెనకనుంచి లువాంగ్ పో చిన్నగా ఏదో అన్నాడు. ఆ చేతులు అక్కడే ఆగిపోయాయి.

ఏమన్నాడని పక్కనున్నావిణ్ణి అడిగాను. చీవరంలో ఉన్నవాడు గృహస్థులకి మొక్కకూడదట. కన్నతల్లికైనా సరే.

విరోట్ చేతులు మెల్లగా దించుకున్నాడు. వాటిని ఏం చెయ్యాలో తెలియనట్టు చీవరం అంచు పట్టుకుని నిలబడ్డాడు. పెట్టె తెర వెనక్కి కదిలింది. మేమందరం చేతులు జోడించాం, అతను తప్ప. మర్నాడు తెల్లవారగానే చీవరం విప్పేస్తాడు, అప్పుడు మొక్కొచ్చు. కానీ అప్పటికి అక్కడ వాళ్ళమ్మ ఉండదు.