మందులకు తోడొచ్చే అక్క

మొన్న ఆదివారం పొద్దున్నే అక్క పోయిందని కబురొచ్చింది. గుండె ఆగిపోయిందట. ఆమె వెంట మందులకు వెళ్లే ఆడవాళ్లం మేం వెళ్లేసరికి వాకిట్లో మంచం మీద పడుకోబెట్టి ఉంచారు. స్నానం చేయించడానికి ఎవరూ దగ్గరకు రావడం లేదు.

"ఆవిడకి ఆ జబ్బు కదండీ, భయం మాకు," అంది అక్క తోటికోడలు దూరంగా నిలబడి.

ఇన్నేళ్ల తర్వాతా ఇదే మాట. పోట్లాడే ఓపిక మాకెవరికీ లేదు. మాలో గుడివాడ నుంచి వచ్చినామె నీళ్లు తోడింది. నేను తల రుద్దాను.

ఆమె నా తోడబుట్టింది కాదు. కృత్తివెన్ను దగ్గర చేపల బేరం చేసుకునే ఇల్లు మాది. మా ఆయన పోయాక నాకూ హెచ్‌ఐవీ ఉందని తేలింది. నా గంపలో చేపలు కొనేవాళ్లు లేకుండా పోయారు. మా అత్త నా కంచం బయట పాకలో పెట్టించింది. అప్పుడొచ్చింది అక్క, నాలాంటి ఆడవాళ్లను వెతుక్కుంటూ. మొదట అడిగిన మాట, "అన్నం తిన్నావా?"

తర్వాత మా అత్త వైపు తిరిగింది. "అత్తయ్యగారూ, నాకూ ఇదే జబ్బండీ. మందులేసుకుంటూనే కూతురి పెళ్లి చేశాను. చూడండి, చచ్చేదానిలా ఉన్నానా?"

కొన్నాళ్లకు నా కంచం వంటింట్లోకి వచ్చింది.

అక్కే నన్ను బందరు ఆసుపత్రికి తీసుకెళ్లింది. నన్నే కాదు, ఎంతమందినో. వాళ్ల చర్చి వరండాలో మమ్మల్ని కూర్చోబెట్టి మాట్లాడేది. పెద్దలు వద్దన్నాక బస్టాపు షెడ్డులో కూర్చున్నాం. ఆమె నొచ్చుకుందో లేదో తెలియదు. "ఇక్కడ గాలి బాగుంది," అంది.

ఒకసారి విసుగొచ్చి మందులు మానేశాను. బతికినంతకాలం మింగాలంటే ఎవరికి ఓపికండీ? ఎలా తెలిసిందో, వచ్చి గుమ్మంలో కూర్చుంది.

"నాకు మాత్రం సరదానా? విసుగొస్తే నన్ను తిట్టు. మాత్ర మాత్రం వేసుకో."

నిజంగానే తిట్టాను. అన్నీ విని, గ్లాసుతో నీళ్లు అందించింది.

కిందటిసారి మందులు తీసుకుని బందరు నుంచి బస్సులో వస్తున్నాం. కిటికీ పక్క సీటు ఎప్పుడూ మాకిచ్చే అక్క, ఆ రోజు తనే కూర్చుంది. "ఇవాళ ఓపిక లేదే," అంది. పెడన దాటేసరికి నా భుజం మీద తల వాల్చి నిద్రపోయింది. నోరు కాస్త తెరుచుకుంది. బయట రొయ్యల చెరువుల్లో గాలి పట్టించే చక్రాలు నీళ్లు చిమ్ముతున్నాయి. ఎండ ఆమె కళ్ల మీద పడుతుంటే, లేపకుండా నా కొంగు అడ్డం పట్టుకుని కూర్చున్నాను.