ధబేలు బామ్మ

మా బామ్మకు ఉన్నది ఒకే ఒక్క అలవాటు: స్పృహ తప్పడం.

మూకీ సినిమాల రోజుల్లో పద్దెనిమిది చిత్రాల్లో స్పృహ తప్పిన మనిషి. మాటలొచ్చాక సినిమాలు ఆమెను మానేశాయి గానీ, ఆమె పడడం మానలేదు. ఎడమచేతి వెనక భాగం నుదుటికి ఆనించి, ఒక్క చుట్టు తిరిగి, ధబేలుమని పడేది. డాక్టరు మూడుసార్లు పరుగున వచ్చాడు. నాలుగోసారి ఫోన్లోనే, "ఎండ మొహం మీద పడుతోందా?" అని అడిగాడు. పడుతుంటే నటన, లేకపోతే జబ్బు అని ఆయన లెక్క.

ఎందుకంటే బామ్మకు ఎండ లేనిదే స్పృహ తప్పదు. ఆ రోజుల్లో కప్పు లేని స్టూడియోలో సూర్యుడే దీపం. మబ్బు పడితే అందరూ ఇంటికే. అందుకే ముందు కిటికీ చూసుకునేది, తర్వాత సోఫా, ఆ తర్వాతే మూర్ఛ.

"అత్తయ్యా, కాస్త అటు జరగండి, మడతపెట్టిన బట్టలు నలిగిపోతున్నాయి," అనేది అమ్మ.

పడినావిడ ఒక్క కన్ను తెరిచి, అటు జరిగి, మళ్ళీ మూసుకునేది.

ఆ పద్దెనిమిదిలో ఒక్క సినిమా మిగల్లేదు. పోస్టర్ల మీద హీరో పేరు, ఆయన గుర్రం పేరు ఉండేవట. బామ్మ పేరు ఉండేది కాదు.

"గుర్రంపాటి చెయ్యవా బామ్మా?" అంటే, "అది నాకన్నా బాగా పరిగెత్తేది లేవే," అని నవ్వేది. అయినా ఆ పేరు సంగతి ఆవిడకి బాధే.

అలాంటిది ఒకరోజు సినిమా మ్యూజియం నుంచి ఒకాయన కెమెరాతో దిగాడు. ఎక్కడో రీలు ముక్క దొరికిందట. అందులో ఒకావిడ స్పృహ తప్పుతుందట, ఎవరో తెలీదట.

"అది మీరే అని తేలితే మీ పేరు రాస్తామమ్మా. ఒక్కసారి పడి చూపించండి. రేపు పొద్దున్నే నా బండి."

బామ్మ దాచుకున్న చీర తీసి కట్టింది. నాలుగున్నరకు ఎండ సరిగ్గా సోఫా మీదికొచ్చింది. కెమెరా తిరుగుతోంది. బామ్మ చెయ్యి నుదుటిదాకా వెళ్ళింది.

అప్పుడే నడవాలో పిడుగు పడింది. ఆ పిడుగు మా పెద్దనాన్న. ఆయన కూతురు, అంటే మా అక్క, ఆయన కారు తీసుకెళ్ళి మా గేటు స్తంభానికే గుద్దింది.

"కళ్ళు నెత్తికెక్కాయా? నీకు డ్రైవింగు నేర్పిన వాణ్ణి అనాలి!"

నేర్పింది ఆయనే. అయినా అక్క గోడకు అతుక్కుపోయి ఏడుస్తోంది.

బామ్మ చెయ్యి దించింది. ఎండనీ, సోఫానీ, కెమెరానీ వదిలేసి, చీకటి నడవాలోకి నడిచి, వాళ్ళిద్దరి మధ్యా వట్టి గచ్చు మీద ధబేలుమని పడింది.

"అమ్మా!" పెద్దనాన్న తిట్లు మింగి దిండు కోసం పరిగెత్తాడు. ఎండ లేని చోట పడింది కదా, మాకందరికీ పై ప్రాణాలు పైనే పోయాయి. అప్పుడు బామ్మ ఒక్క కన్ను తెరిచి, "వాడు వెళ్ళాడా?" అంది గుసగుసగా.

అప్పటికి గానీ నా మట్టిబుర్రకు వెలగలేదు. నాకు లెక్కల్లో పదమూడు వచ్చిన రోజూ పడింది. అమ్మ కూర మాడ్చిన రోజూ పడింది. నాన్న ఉద్యోగం మానేసి వచ్చి తాతయ్య ముందు నిలబడ్డ రోజూ పడిందట.

"అదే కన్ను!" మ్యూజియం ఆయన గంతేశాడు. "ఆ రీల్లోనూ పడ్డాక ఇలాగే ఓరగా చూస్తుంది! అయ్యో, కెమెరా అక్కడ సోఫానే తీస్తోందే!"

మర్నాడు ఆయన బండి వేళకు ముందే తూర్పు కిటికీ దగ్గర కెమెరా పెట్టాం. బామ్మ పడనంది.

"తిట్టేవాడు లేకుండా ఎలా పడతానర్రా?"

పెద్దనాన్నను తెచ్చి నిలబెట్టాం. ఆయన గొంతు సవరించుకున్నాడు.

"ఏమనాలి?"

"నిన్న అన్నవే అనరా."

"అదీ... గేటూ... స్తంభం..." అంటూనే నవ్వేశాడు. అక్కా నవ్వింది. ఆ నవ్వుల్లోనే బామ్మ ఒక చుట్టు తిరిగింది. నేలకు చేరేలోపే పెద్దనాన్న దిండుతో కెమెరా ముందుకి దూకాడు.

మ్యూజియంలో ఇప్పుడా రెండు ముక్కలూ పక్కపక్కనే ఆడుతుంటాయి. కింద పలక మీద పెద్ద అక్షరాల్లో బామ్మ పేరు. దాని కింద చిన్నగా, "దిండుతో వచ్చినవారు: కుమారుడు." అది చూశాక పెద్దనాన్న తిట్టడం మానేశాడని చెప్పను గానీ, నోరు తెరిచే ముందు దిండు ఎక్కడుందో ఒకసారి చూసుకుంటాడు.