మా పాటలల్ల జొచ్చిన కిరణ్

"శీనూ! అరే ఓ శీనూ! సోయి ఉన్నదా నీకు, సాంచె ఆగి ఎంతసేపాయె!"

అఫ్జల్ భాయ్ మొత్తుకుంటున్నడు. నాకు ఇనవడలే. చెవులల్ల ఇయర్‌ఫోన్లు ఉన్నయి గని పాట లేదు. షెడ్డు నిండ బట్ట నేసే సాంచెలు దడదడ కొట్టుకుంటున్నయి, నా ఒక్క సాంచె మాత్రం నూలు కండె అయిపోయి సప్పుడు చెయ్యకుంట నిలవడ్డది. నేను సుత దానిలెక్కనే నిలవడ్డ, ఫోన్ దిక్కు జూసుకుంట.

పొద్దుగాల చాయ్ హోటల్ కాడ డౌన్‌లోడ్ అయ్యి మంచిగ పచ్చగుర్తు పడ్డ పాటలు, షెడ్ల అడుగు పెట్టేవరకు బూడిద రంగు తిరిగినయి. ఒక్కటంటే ఒక్కటి మోగలే. గదే మొదలు. ఫోన్ల పాటలు పోతున్నయని మొదలువెట్టి, వచ్చిన పెండ్లి సంబంధం పోగొట్టుకునే దాక పోయిన. చెప్త, ఇనుండ్రి. నవ్వుకుంటె నవ్వుకోండ్రి గని మా షెడ్డోళ్లకు మాత్రం చెప్పకుండ్రి.

నేను సిరిసిల్లల మరసాంచె నడుపుత. పదో తరగతి దగ్గర చదువు నన్ను ఇడిసిపెట్టింది, పాటలు మాత్రం ఇడువలే. పాట చెవిల ఉంటె గా సాంచెల మోత సుత నాకు వాన లెక్క అనిపిస్తది. మొన్న కోరుట్ల పిల్ల రవళితోటి నాకు పూలుపండ్లు అయినయి, అంటె సంబంధం ఖాయమైనట్టు. ఆమె జాకెట్లకు మగ్గం వర్క్ చేస్తది. నాది మరమగ్గం, ఆమెది మగ్గం వర్క్. గిసొంటి జోడి దేవుడు పనిగట్టుకోని కలపకపోతె ఎట్ల కుదురుతది, మీరే చెప్పుండ్రి.

పూలుపండ్ల నాడు వాళ్ల నాయన గంగారాం మామ నన్ను ఎదురుంగ కూసుండవెట్టుకోని ఒక్కటే మాట అడిగిండు. ఆయన మీసం జూస్తేనే అబద్ధం నోటికి రాదు.

"ఏమన్న అలవాట్లు ఉన్నయా?"

"ఏం లేవు మామా. పాటలు ఇంట."

"అది సుత అలవాటే," అన్నడు.

గాయన లోపలికి పోంగనే రవళి మెల్లగ అన్నది, "నాకు పాటల యాప్‌ల అకౌంట్ ఉన్నది బావా. పాస్‌వర్డ్ చెప్త, మీరు సుత ఇనుండ్రి." ఒక ఆడపిల్ల పాస్‌వర్డ్ చెప్పిందంటె ఇంటి తాళంచెవి చేతుల పెట్టినట్టే గద. అండ్ల 'మనది' అని పేరువెట్టి ఒక లిస్టు తయారుచేసింది. నేను గా పేరు చదువుకుంటనే రెండు మూడు రోజులు గడిపిన.

మా రేకుల షెడ్ల సిగ్నల్ రాదు. గందుకని ప్రతి పొద్దు చాయ్ హోటల్ కాడ పాటలు డౌన్‌లోడ్ చేసుకోని పనికి పోతుంటి. పోయేవరకు మాయం. తెల్లారి మల్ల చేస్తుంటి, మల్ల మాయం.

అఫ్జల్ భాయ్ మా షెడ్ల సాంచెలు రిపేర్ చేస్తడు. "మషీన్ ఏదైనా మషీనే తమ్మీ, ఇటు తే," అని ఫోన్ గుంజుకున్నడు. మెమరీ నిండిందేమొ, ఫోటోలు తీసెయ్యి అన్నడు. అవ్వ, అదే మా అమ్మ, ఆధార్ కార్డు ఫోటో, కరెంటు బిల్లు ఫోటో తీసేసిన. పూలుపండ్ల ఫోటోల జోలికి పోలే. అయినా పాటలు ఆగలే. సిగ్నల్ కోసం చాయ్ హోటల్ కాడికి తోల్కపోయి, యాప్ తీసేసి మల్ల ఎక్కించిండు. అప్పుడే డౌన్‌లోడ్ చేసుకున్న నాలుగు పాటలు సుత పోయినయి. ఆఖరికి తెర మీద ఇంగ్లీషుల ఏందో అచ్చింది. భాయ్ అక్షరం అక్షరం కూడవలుక్కున్నడు.

"టూ మెనీ డివైజెస్."

"అంటె?"

"అంటె తమ్మీ, శానమంది ఉన్నరని."

"ఎక్కడ?"

"నువ్వున్నకాడనే."

భాయ్ సెట్టింగులల్ల ఎక్కడెక్కడనో ఒత్తి, ఈ అకౌంట్‌ల ఏ ఏ ఫోన్లు ఉన్నయో తీసిండు. ఒకటి రవళిది. ఒకటి నాది. మూడోదాని పేరు సగమే కనవడ్డది, నా ఫోన్ అద్దం చిన్నది. ఇంగ్లీషుల 'కిరణ్', దాని ఎనుక మూడు చుక్కలు. కింద ఊరి పేరు, జగిత్యాల.

భాయ్ నా దిక్కు జూసిండు, నేను భాయ్ దిక్కు జూసిన. "మనకెందుకు తమ్మీ, దోస్తు కావచ్చు," అన్నడు. గట్ల అన్నోడు ఊకోవాలె గద. "గని దోస్తు పేరు ఎనుక చుక్కలెందుకు?" అన్నడు.

గా చుక్కలు నా నిద్ర చెడగొట్టినయి. రవళి పూసలు, జరీ కొననీకి జగిత్యాలకే పోతది. ఆమెనే చెప్పింది. నేను అడిగితె అనుమానం మనిషినని అనుకుంటది. అడగకుంటె నేను పిచ్చోన్ని అయిత. మధ్యాహ్నం తిండికి షెడ్డు బయటికచ్చి ఫోన్ చేసిన.

"ఏం జేస్తున్నవ్? పాటలు ఇంటున్నవా?"

"లేదు బావా, పనిల ఉన్న. పెండ్లి జాకెట్ ఒకటి అర్జెంటున్నది."

యాప్‌ల జూస్తె అప్పుడే ఒక వాన పాట నడుస్తున్నది. కింద పచ్చగీతల 'కిరణ్...' అనే రాసున్నది.

"నీకు కిరణ్ అనేటోడు తెలుసా?" అని ఊరికెనే అడిగినట్టు అడిగిన.

"ఏ కిరణ్ బావా? మా క్లాస్‌ల ముగ్గురు కిరణ్‌లు ఉంటుండ్రి," అని నవ్వింది.

ఒక్కడు అనుకుంటె ముగ్గురైరి. అన్నిటికన్న గా నవ్వుడే నాకు మంచిగ అనిపియ్యలే.

ఇగ నాకు దినాము ఇదే పని. పనికి పోయేముందు, తిండికి అచ్చినప్పుడు, చాయ్ హోటల్ల కూసోని గా కిరణ్ ఏం ఇంటున్నడో జూసుడు. వాడు ఉత్తోడు కాదు. అన్ని వాన పాటలు, ఎన్నెల పాటలు, ఎదురు జూసుకుంట పాడే పాటలు. ఒక పాటనైతె ఎన్నిసార్లు ఇంటడో. నాకు సుత ఇష్టమైన పాటనే. దొంగ అయినా మంచి మనసున్న దొంగ అనిపించి ఇంకింత ఏడ్పచ్చింది.

ఒకనాడు కోపంల ఒక పాట నొక్కిన. నా ఫోన్ల మోగలే. భాయ్ తలకాయ గోక్కోని చెప్పిండు, "నువ్వు ఇక్కడ నొక్కితె అది గాని ఫోన్ల మోగుతున్నది తమ్మీ."

అంటె నేను ఏది పెడితె అది వాడు ఇనాలె. మోసం జేసిండ్రు, నమ్మకద్రోహం అని గుండెలు బాదుకునే పాట ఒకటి తీసి ఒత్తిన. రెండు ముక్కలు నడిచిందో లేదో, వాడు కోసేసి మల్ల వాన పాట పెట్టిండు. నేను మల్ల మోసం. వాడు మల్ల వాన. ఆఖరికి వాడు పెండ్లి పాట పెట్టిండు జూడుండ్రి. నన్నే ఎక్కిరిస్తున్నడు అనుకున్న.

గా తెల్లారి, నిన్న పొద్దుగాల అవ్వతోటి అన్న, "గీ సంబంధం నాకద్దు."

అవ్వ బీడీలు చేస్తున్నది. చేతుల ఆకు అట్లనే ఉన్నది. "ఎందుకురా?"

"ఎందుకో నన్నడగకు."

"బంగారమసొంటి పిల్ల. ఏం రోగమచ్చింది నీకు?" అని కొంచెంసేపు తిట్టింది. నా మొకం జూసి ఆగింది. "పొద్దుగూకినంక వాళ్ల నాయనకు ఫోన్ చేసి చెప్త. ఒక్కసారి చెప్పినంక మల్ల మాట మార్చినవనుకో, గీ చాట నీ నెత్తి మీద ఇరుగుతది."

సరే అన్న. అన్న గని మనసు ఒప్పలే. సంబంధం పోతె పోయె, గా కిరణ్ మొకం ఒక్కసారి జూడాలె. నాకన్న మంచిగుంటె వాడే చేసుకోనీ అనుకున్న. పనికి పోకుంట బస్సెక్కిన. వేములవాడ మొక్కులోళ్ల నడుమ ఒంటికాలు మీద నిలవడి జగిత్యాలల దిగిన.

దిగినంక తెలిసింది, జగిత్యాల పెద్దగున్నదని. బస్టాండ్ల నిలవడి "కిరణ్" అని పిలిచిన. ఇద్దరు మర్లి జూసిండ్రు. ఒకాయన ముసలాయన. ఇంకొకడు స్కూల్ పోరడు, "ఏంది అన్నా" అన్నడు. ఏం లేదు పో అన్న. ఇగ ఎవ్వలిని పిలువలే. ఎండల తిరిగి తిరిగి, ఇట్ల కాదని కోరుట్ల బస్సు పట్టిన. మామనే అడుగుత, మొకం మీదనే అడుగుత అని తొవ్వ పొడుగూత మాటలు కూడవెట్టుకున్న.

గంగారాం మామ దుకాణం కోరుట్ల బస్టాండ్ పక్కనే. ఒకామె చింతపండు కోసం నిలవడ్డది, మామ తూకం వేస్తున్నడు. లోపలికెల్లి సన్నగ పాట అస్తున్నది. గదే వాన పాట. నా చెవులు నేనే నమ్మలే. మామ నన్ను జూసి దబ్బున ఫోన్ తీసి బియ్యం సంచి ఎనుక దాసిండు. పాట సంచి ఎనుకకెల్లి సుత ఇనవడుతనే ఉన్నది.

"అల్లుడా, చెప్పకుంట అచ్చినవ్?"

"ఊకెనే మామా. గా పాట..."

మామ మీసం తడుముకున్నడు. చింతపండామె పోయేదాక ఆగి, గొంతు తగ్గించిండు. "రవళి ఎక్కించి ఇచ్చింది. పెండ్లయిన కొత్తల మీ అత్త గీ పాట పాడేది. ఇప్పుడు పాడుమంటె 'పోవయ్యా, పప్పు మాడుతది' అంటది. గందుకే గిరాకి లేనప్పుడు ఇంట. నువ్వు ఎవ్వలకు చెప్పకు."

గంతల మామనే నా రెక్క పట్టుకున్నడు.

"మంచిగ అచ్చినవ్. నువ్వు ఫోన్లు తెలిసినోడివి. ఎవడో దొంగ మా పాటలల్ల జొచ్చిండు అల్లుడా. రవళి పొద్దుగాల పాటలు ఎక్కించి పోతది, తెల్లారేవరకు వాడు తుడిచేస్తడు. పోనీ అనుకుంటె, నడిచే పాటను కోసి ఏడ్పు పాట పెడుతడు. నిన్న కాక మొన్న కాదు, నిన్ననే, ఒకామెకు చక్కెర తూకం వేస్తున్న. నడుమల మోసం, మోసం అని మొత్తుకోవట్టె. గామె నా దిక్కు, తక్కెడ దిక్కు జూసి 'ఏంది గంగారామన్నా, తక్కువేసినవా' అనవట్టె. ఇన్నేండ్ల ఇజ్జత్ అల్లుడా. కోపమచ్చి పెండ్లి పాట పెట్టిన, కొంచెం సిగ్గన్న అయితదేమొ అని. వాడు నా చేతికి దొరకాలె గని..."

తక్కెడ రాయి చేతుల పట్టుకోని చెప్తున్నడు. నేను ఒక అడుగు ఎనుకకు జరిగిన.

అప్పుడే రవళి పని ఇడిసి అచ్చింది. నన్ను జూసి నవ్వింది. మామ అన్నడు, "బిడ్డా, బావకు గా ఫోన్ జూపియ్యి. దొంగను పడుతడు."

రవళి బియ్యం సంచి ఎనుకకెల్లి ఫోన్ తీసి నా ముందట పెట్టింది. పెద్ద ఫోన్, అద్దం పెద్దది. "చూడుండ్రి బావా. ఒకటి నాది, ఒకటి మీది, ఇది దుకాణంది. నా ఫోన్తోటి కలువకుంట పేరు నేనే పెట్టిన."

చదివిన. అక్షరం అక్షరం. చుక్కలు లేవు, గా ఇంగ్లీషు 'కిరణ్' ఎనుక ఇంకిన్ని అక్షరాలున్నయి. కిరాణం షాప్.

"జగిత్యాల అని ఉన్నది గద?" అన్న, ఇగ వేరే ఆశ లేక.

"కోరుట్ల జగిత్యాల జిల్లనే గద బావా. రెండు ఫోన్లల్లనే డౌన్‌లోడ్ ఉంటదంట. మూడోదాంట్ల చేస్తె ఒకదాంట్ల పోతయి. నాకు నిన్ననే తెలిసింది. నా దాంట్ల తీసేద్దామనుకుంటున్న."

మామ నొసలు ముడిసిండు. "మూడే ఫోన్లు. నీది పనికాడ సంచిల ఉంటది. ఇది నా దగ్గరుంటది. మరి దొంగ ఎవడు?"

రవళి నా దిక్కు జూసింది. మొదలు ఊకెనే జూసింది. మెల్లగ ఆమె కండ్లు పెద్దగైనయి. "బావా, మొన్న మీరు కిరణ్ ఎవడని..." అని అక్కడికే ఆగింది.

గంతల దుకాణం ఫోన్ మోగింది. తెర మీద 'సిరిసిల్ల చెల్లె' అని పడ్డది. మా అవ్వ. బయట పొద్దుగూకింది.

మామ తక్కెడ రాయి కింద పెట్టి, చేతులు తువ్వాలకు తుడుసుకోని ఫోన్ అందుకున్నడు. ఎత్తిండంటె అయిపోయె. పిల్ల పోయె, పాస్‌వర్డ్ పోయె, 'మనది' పోయె. మామ ఏలు పచ్చగుర్తు మీదికి పోతున్నది. నేను ఆ చెయ్యి పట్టుకున్న. మెల్లగనే చెప్దామనుకున్న గని సాంచెల కింద పనిచేసెటోనికి మెల్లగ అనుడు ఏడ అస్తది. బస్టాండ్ల నిలవడ్డోళ్లు సుత ఇటు మర్లిండ్రు.

"ఎత్తకు మామా. గా దొంగను నేనే. రవళి అంటె నాకు పానం, గందుకే కిరణ్ అంటె మనిషే అనుకోని, ఇన్నిరోజులు నీ ఉప్పు మీద, పప్పు మీద, చింతపండు మీద అనుమానపడుకుంట కూసున్న."