శవయాత్రలో కలిసిన దయ్యం

ఉద్యమం రోజుల్లో మా కోరుట్లలో బంద్ అంటే ఎవరికీ తీరిక ఉండేది కాదు. రాస్తారోకోకి పరుగెత్తేవాళ్లు కొందరు, రోడ్డు మీద వంటావార్పుకి బియ్యం పోగేసేవాళ్లు కొందరు. పెళ్లి వీడియోలు తీసే మా మేనబావకు మాత్రం బంద్ అంటే షూటింగుకు దొరికిన ఖాళీ బజారు. జగిత్యాల కేబుల్ వాళ్లు ఆయన్ను దయ్యం సీరియల్ తీసిమ్మన్నారు. మిట్టమధ్యాహ్నం, మనిషి జాడలేని బజారులో, ఎప్పుడో చచ్చిపోయిన ఆడమనిషి తిరిగొచ్చి తన ఇల్లు వెతుక్కుంటుంది. ఊరు మారిపోయింది, ఇల్లు దొరకదు. అదీ మొదటి సీను. (తర్వాతేమవుతుందని అడిగితే "నాకు గూడ తెల్వది, ముందుగాల నువ్వైతె నడువు" అన్నాడు.)

ఆ దయ్యాన్ని నేనే. డిగ్రీ కాగానే ఆ కేబుల్లోనే వార్తలు చదవడానికి కుదిరాను. మా బాపు దానికే సగం మనసుతో ఒప్పుకున్నాడు. "వార్తలంటె వార్తలే బిడ్డా. యాక్టింగులు గీక్టింగులు అన్నవో, నౌకరి బంద్, ఇంట్లనే ఉంటవ్" అని ముందే చెప్పాడు. నాకేమో తెరమీద వేషం వేయాలని ఒకటే తహతహ. బావ సిరిసిల్ల నుంచి తెచ్చిన అంచులేని తెల్ల బట్ట చుట్టుకుని, జుట్టంతా ముఖం మీదికి వేసుకుని బజారులో దిగాను. (అలా వేసుకుంటే దారి కనబడదని ఏ దయ్యమూ ఎవరికీ చెప్పి ఉండదు.) నాలుగడుగులు వేశానో లేదో, సందులోంచి డప్పులు. సర్కారు దిష్టిబొమ్మను పాడెమీద పడుకోబెట్టి ఉద్యమంవాళ్లు శవయాత్ర తీస్తున్నారు. నేను తప్పుకునేలోపే ఒకావిడ నా చెయ్యి పట్టి లాగింది.

"ఏడ వోయినవే ఇంతసేపు? పీనుగ లేశింది, ఏడ్శెటోళ్లే లేరు! మంచిగ తయారైనవ్, ఎత్తుకో శోకం!"

శవం ముందు ఏడవడానికి కుదుర్చుకున్న పిల్లను నేనే అనుకుంది. బావ కెమెరా ఆపకుండా "పో, పో" అని చెయ్యి ఊపుతున్నాడు. వెంట్రుకల సందులోంచి, పాడెను ముందువైపు పట్టిన మనిషిని చూశాను. మా బాపే!

పరుగెత్తితే ముఖం బయటపడుతుంది. ఉంటే ఏడవాలి. నాకు తెలిసిన శోకం ఒక్కటే, తాత పోయినప్పుడు నాయనమ్మ ఎత్తుకున్నది. "నీ ఇల్లు గిదే గద నా రాజా, నన్నిడిసి ఏ తొవ్వ వట్టినవూ..." అని అందుకున్నాను. భయానికి కన్నీళ్లు నిజంగానే వచ్చాయి. నవ్వుతున్న జనం ఊరుకున్నారు. డప్పు ఆగింది. అగ్గిపెట్టె పట్టుకున్నాయన బొమ్మను కాల్చాలో వద్దో తేల్చుకోలేక నిలబడ్డాడు. ఎవరికోసం ఏడుస్తున్నానో నాకూ తెలియకుండా పోయింది.

మంట లేవగానే పొగచాటున జారుకుని ఇల్లు చేరాను. సాయంత్రం బాపు అన్నం ముందు కూర్చుని, "ఇయ్యాల ఒక పిల్ల ఏడ్శింది, అచ్చం నన్ను గన్న అవ్వ లెక్కనే. గా శోకం అవ్వతోనే పోయిందనుకున్న" అన్నాడు. కళ్లు తుడుచుకున్నాడు.

"ఎవలు బాపూ?" అన్నాను.

"ఎవలో మరి. ఇంకొక్కపారి ఇనబుద్దయితుంది" అని అన్నం కలుపుకుంటూ, "రేపు బంద్ లేదు. వార్తలకు యాళ్లకు పో" అన్నాడు.

నేను గబగబా మజ్జిగ పోసి గండం గడిచిందనుకున్నాను. సీరియల్ ఆ ఒక్క సీనుతోనే ఆగిపోయింది. ఆ ఏడ్చిన పిల్ల నేనేనని తెలిసి అన్నాడో, తెలియక అన్నాడో అడగడానికి ఇప్పుడు బాపు లేడు. ముఖం కప్పుకుంటే చాలు, కన్నతండ్రికి గొంతు కూడా వినబడదనుకున్న ఆ పిల్లను తలుచుకుంటే నవ్వొస్తుంది. ఆ నవ్వులోనే ఆ శోకం పెదాల మీదికి వస్తుంది, ఎవరూ లేనప్పుడు మెల్లగా పాడుకుంటాను.