అత్తమ్మ మాటలు పెట్టిన యుద్ధం

పెళ్లయి గోదావరిఖనిలో కంపెనీ క్వార్టర్‌కు వచ్చిన కొత్తలో మా ఆయన నన్నూ అత్తమ్మనూ ఒక ఇంగ్లిషు సినిమాకు తీసుకెళ్లాడు. తెలుగులోకి డబ్బింగ్ చేసిన పాతకాలపు రాజుల యుద్ధం. సగంలో సేనాపతి తన సొంత సైనికుణ్ణే అందరి ముందూ చెంపమీద కొడతాడు. ఎందుకో చెప్పరు. ఇంటికొచ్చేదాకా అత్తమ్మ అదే పట్టుకుంది. "పాపం, పిలగాన్ని ఉత్తపున్యానికి కొట్టిండు."

తర్వాత కొన్నేళ్లకు మేం డీవీడీ ప్లేయర్ కొన్నాం. పక్క క్వార్టర్‌లో ఉండే ఎలక్ట్రీషియన్ భాయి హైదరాబాద్ నుంచి అదే సినిమా డిస్కు తెచ్చాడు.

"చెల్లె, థియేటర్ల కోసేసిన సీన్లన్నీ దీంట్ల ఉన్నయట. ముప్పావు గంట ఎక్కువ!"

ఆదివారం పొద్దున్నే వంట ముగించి నలుగురం టీవీ ముందు కూర్చున్నాం. కాసేపటికి, అంతవరకూ తెలుగు మాట్లాడిన సైనికులు ఉన్నట్టుండి ఇంగ్లిషులోకి దిగారు. టీవీ ఖరాబైందనుకుని మా ఆయన లేచి దాని నెత్తిన ఒకటిచ్చాడు.

భాయి పగలబడి నవ్వాడు. "అన్నా, కొత్త సీన్ గిదే! థియేటర్ల లేనిదానికి తెలుగు ఏడికెల్లొస్తది?"

మాలో ఎవరికీ అంత ఇంగ్లిషు రాదు. తెరమీద అప్పటి చెంపదెబ్బ సైనికుడే నెగడి పక్కన కూర్చుని చెప్పు కుట్టుకుంటున్నాడు. సేనాపతి వచ్చి ఏదో అడిగాడు. అత్తమ్మ గొంతు బొంగురు చేసి అందుకుంది.

"ఏం బిడ్డా, తిన్నవా?"

సైనికుడి పెదవులు కదిలాయి. "యాడ తిన్న దొరా? అంబలి గూడ లేకపాయె."

నవ్వొచ్చి నాకు పొలమారింది. ఇక తెలుగు ఆగిందంటే చాలు, మా ఆయన "అవ్వా, నీ డ్యూటీ!" అని అరవడం, ఆమె కొంగు సర్దుకుని మొదలెట్టడం. రాణి రాజును సాగనంపే సీను ఎంతకీ తెగలేదు. మాటలైపోయి అత్తమ్మ రాజు గుర్రాన్ని తిట్టింది.

తర్వాతి కొత్త సీన్లో ఆ సైనికుడు కావలి కాస్తూ నిద్రపోయాడు. శత్రువులు లోపలికొచ్చారు. ఆ వెంటనే చెంపదెబ్బ.

"ఓరి నీ పాడుగాను! పండుకున్నడా? మల్ల కొట్టడా?" అంది అత్తమ్మ.

"ఇన్నేండ్లు సేనాపతినే తిడితివి గదనే!" అన్నాడు మా ఆయన.

"నాకేమెరుక? సినిమోళ్లు దాసిపెట్టిరి."

థియేటర్లో ఆ సైనికుడు చచ్చిపోయినప్పుడు గుర్తుపట్టక గుంపులో ఒకడనుకున్నాం. ఈసారి బాణం తగలగానే అయ్యో అని అరిచాను. అతను చివరి మాటలు ఇంగ్లిషులో మొదలెట్టాడు. అందరం అత్తమ్మ వైపు తిరిగాం.

"మా అవ్వకు జెప్పుండ్రి, కడుపునిండ తిన్న అని," అందామె మెల్లగా.

భాయి కళ్లు తుడుచుకున్నాడు. తెరమీద మాత్రం పెదవులు ఆడుతూనే ఉన్నాయి.

"అమ్మా, ఇంక మాట్లాడుతనే ఉన్నడు!" అన్నాడు భాయి.

"సచ్చేటోడు గింత మాట్లాడుతడా కొడుకా?"

ఏడుస్తూనే నవ్వాం, పక్కటెముకలు నొప్పెట్టేదాకా.

మరుసటి ఆదివారం మా వరసలోని ఆడవాళ్లంతా చాపలు పట్టుకుని దిగారు. అత్తమ్మ అవే సీన్లకు కొత్త మాటలు చెప్పింది.

"పోయినసారి గిట్ల అనలే గదా!" అన్నాడు భాయి.

"అప్పుడు యాదికి రాలే."

కోటగోడలు కూలే అసలు యుద్ధం మొదలవగానే వెనకనుంచి ఒకామె విసుక్కుంది. "గీ కొట్లాట జరుపు తమ్మీ, జల్ది ఇంగ్లిషు రానియ్!"

మా ఆయన రిమోట్ నొక్కాడు. వేలమంది సైనికులు చీమల్లా పరుగెత్తారు.