చచ్చిపోయిన రాజుగారికి వన్స్ మోర్

ఆ రోజుల్లో నా అంతటివాడు లేడని నాకు రెండు విషయాల్లో గట్టి నమ్మకం ఉండేది. ఒకటి కారు రివర్సు చెయ్యడం, రెండోది నాటకం చూడడం. మొదటి నమ్మకం అడిలైడ్‌లో మా ఇంటాయన లెటర్‌బాక్సుతోపాటే కూలిపోయింది (మనవాళ్ళెవరూ చూడలేదు కాబట్టి పరువు దక్కింది). రెండోది కూలినప్పుడు మాత్రం హాలు నిండా జనం ఉన్నారు. ఇన్నేళ్ళయినా ఆ నాటకం గుర్తొస్తే, కారులో ఒక్కణ్ణే ఉన్నా సరే, "ఛీ ఛీ" అని పైకే అనేస్తాను.

మాసన్ లేక్స్‌లో యూనివర్సిటీకి వెళ్తూ నేనూ, వరంగల్ నుంచి వచ్చిన నా రూమ్మేటూ ఒక ముసలాయన ఇంటి వెనకగదుల్లో అద్దెకుండేవాళ్ళం. ఆయన ఇంగ్లండు నటుడు. కుర్రతనంలో ఊరూరా తిరిగే నాటక కంపెనీలో బల్లెం పట్టుకుని వెనకాల నిలబడే భటుడిగా మొదలుపెట్టి, లండన్ స్టేజీ మీద రాజు వేషాల దాకా వచ్చాడట. సినిమాల్లో మాత్రం ఎప్పుడూ ఎవరో ఒక పెద్దింటి బట్లరే. "స్టేజీ మీద రాజ్యాలేలాను, తెర మీద తలుపులు తీశాను" అనేవాడు. భార్య పోయాక కూతురు ఉన్న ఊరని అడిలైడ్ వచ్చేశాడు. మేం చాటున ఆయన్ని రాజావారు అనేవాళ్ళం (డ్రెస్సింగ్ గౌనులో చెత్తడబ్బా బయట పెట్టడానికి వచ్చినా నడక రాజుదే మరి).

అంతకుముందు ఏడాది ఒక నాటకంలో డైలాగు మరిచిపోయి స్టేజీ మీద అలాగే నిలబడిపోయాడట. కూతురు ఇక చాలు నాన్నా అంది. ఆయన వినలేదు. ఇంకొక్క నాటకం తప్పు లేకుండా ఆడి, తనంతట తనే మర్యాదగా దిగిపోవాలని పట్టుబట్టాడు. చివర్లో కొడుకు చేతుల్లో ప్రాణం విడిచే ముసలిరాజు వేషం దొరికింది. నెలల తరబడి సాయంత్రాలు పెరట్లో ఆయన డైలాగులు చెప్పడం, నేను ప్రాంప్టింగ్ ఇవ్వడం.

మొదటి ఆట ఆదివారం మధ్యాహ్నం. నాకు ముందువరసలో సీటు ఇప్పించాడు. ఒక్క మాట కూడా పోలేదు. ఆఖరి మాటలు చెప్పి, కొడుకు చేతుల్లోంచి మెల్లగా నేలకు ఒరిగాడు. హాలంతా నిశ్శబ్దం. ఇక్కడ నా పెంపకం గురించి చెప్పాలి. మా పెదనాన్న తెనాలి వైపు పద్యనాటకాల్లో రాజు వేషం కట్టేవాడు. యుద్ధంలో చచ్చిపడ్డాక జనం "వన్స్ మోర్" అని కేకలేస్తే లేచి, దుమ్ము దులుపుకుని, హార్మోనియం ఆయనకు సైగ చేసి, ఆ చావుపద్యమే మళ్ళీ పాడి, మళ్ళీ చచ్చిపోయేవాడు. ఒక్కసారే చచ్చిన నాడు అన్నం కూడా సరిగ్గా తినేవాడు కాదు. "ఒక్కసారితో పోనిచ్చారంటే నా చావు వాళ్ళకి నచ్చలేదనేగా అర్థం" అనేవాడు. అందుకని ఆ నిశ్శబ్దం చూసి నాకు ఒళ్ళు మండింది. ఇంత బాగా చస్తే ఒక్కడూ అడగడేం? కళ్ళు తుడుచుకుని లేచి నిలబడి "వన్స్ మోర్!" అని అరిచాను. అది చాలదన్నట్టు ఈల కూడా వేశాను.

తలలన్నీ నావైపు తిరిగాయి. శవం మీద పడి ఏడవాల్సిన కొడుకు నోరు తెరుచుకుని నన్నే చూస్తున్నాడు. వెనకాల ఎవరో కిసుక్కుమన్నారు. ఆ నవ్వు హాలంతా పాకింది. ఆఖరికి రాజావారి శవం పొట్ట కూడా ఎగిరెగిరి పడింది. ఆయన నవ్వుతున్నాడో ఏడుస్తున్నాడో నాకు తెలియలేదు. అంత కష్టమూ నా నోటితో నేనే బూడిదలో పోశానని మాత్రం తెలిసింది.

బయట కూతురు నన్ను తిట్టలేదు. తిట్టినా బాగుండేది. "నాన్న దీనికోసం ఎంత ఎదురుచూశాడో నీకు తెలుసుగా" అని ఇంగ్లీషులో మెల్లగా అని వెళ్ళిపోయింది. ఇంటికొచ్చి జరిగింది చెబితే రూమ్మేటు, "సచ్చినోణ్ణి లేపుదామనుకున్నవారా? ఇగ ఆ పెద్దమనిషికి మొకమెట్ల సూపిస్తవ్?" అన్నాడు. చూపించలేకే పక్కగేటు లోంచి దొంగలా వచ్చిపోయేవాణ్ణి. చివరికి రాజావారే పెరట్లో పట్టుకుని, ఆ అరుపేమిటని అడిగాడు. తల దించుకుని పెదనాన్న కథంతా చెప్పాను.

"లేచి, మళ్ళీ చచ్చిపోయేవాడా?"

"అవును సర్."

"జనం అడిగితే?"

"అడిగితేనే సర్."

ఆయన నిమ్మచెట్టు కింది కుర్చీలోంచి లేచి, "శనివారం ఆఖరి ఆట. నీకు అదే సీటు" అని లోపలికి వెళ్ళిపోయాడు. నన్ను క్షమించాడని పొంగిపోయాను. ఈసారి చచ్చినా నోరు విప్పకూడదని ఒట్టు పెట్టుకున్నాను.

శనివారం నోట్లో రుమాలు కుక్కుకుని మరీ కూర్చున్నాను. మొదటిరోజు కంటే బాగా ఆడాడు. నేలకు ఒరిగాడు. నిశ్శబ్దం. అప్పుడు నావైపున్న రాజావారి కన్ను కొద్దిగా తెరుచుకుంది. సరిగ్గా నా సీటు వైపే చూసింది. చూస్తూనే ఉంది. మళ్ళీ అరుస్తానేమోనని భయపడుతున్నాడు కాబోలనుకుని రుమాలు ఇంకాస్త లోపలికి తోశాను. కన్ను మెల్లగా మూసుకుంది. లైట్లు ఆరిపోయాయి.

నేనే ఆయన్ని కారులో ఇంటికి తీసుకొచ్చాను. దిగేటప్పుడు, "గొంతు బాగాలేదా అబ్బాయ్?" అని అడిగాడు. బాగానే ఉంది సర్ అన్నాను. "అయితే బాగాలేనిది చావేనన్నమాట" అని, రాజులాగే నడుచుకుంటూ లోపలికి వెళ్ళిపోయాడు. నాకు సంగతి బోధపడేసరికి తలుపు మూసుకుంది. మర్నాడు వెళ్ళి ఎంత చెప్పుకున్నా నవ్వి ఊరుకున్నాడు. ఆ తర్వాత ఆయన మళ్ళీ స్టేజీ ఎక్కలేదు. అరిచినందుకు పడ్డ సిగ్గు ఎప్పుడో అరిగిపోయింది కానీ, అరవనందుకు పడుతున్న సిగ్గు ఇంకా కొత్తగానే ఉంది.

ఇప్పుడు పెర్త్‌లో, పియారా వాటర్స్‌లో ఉంటున్నాం. మొన్న స్కూలు నాటకంలో మా అమ్మాయి చెట్టు వేషం వేసింది. మాటల్లేవు, చేతులు చాచి నిలబడి, చివర్లో పడిపోవడమే. అది పడిపోగానే నేను లేచి "వన్స్ మోర్!" అన్నాను. మా ఆవిడ చొక్కా పట్టి లాగింది. పడి ఉన్న చెట్టు తల పైకెత్తి, "నాన్నా, సో ఎంబరాసింగ్!" అంది. అని, లేచి, చేతులు చాచి, మళ్ళీ పడిపోయింది.