దండ పడని వేషం

మీరు తెలుగు సీరియళ్లు చూసేవాళ్లయితే నన్ను తప్పకుండా చూసే ఉంటారు. కష్టం రాగానే హీరోయిన్ "అమ్మా, నువ్వుంటే నాకీ గతి పట్టేదా!" అని గోడవైపు తిరుగుతుంది కదా, ఆ గోడమీద పెద్ద బొట్టు పెట్టుకొని గంధపు దండలో నవ్వుతూ ఉండే అమ్మను నేనే. హీరోయిన్లు మారుతుంటారు, గోడలు మారుతుంటాయి, నేను మాత్రం అదే నవ్వు నవ్వుతుంటాను. కథ మొదలయ్యే ముందే పోయి ఉండటం నా నటనలో ప్రత్యేకత.

అసలు నేను దర్జీని. మొయినాబాద్‌లో చేవెళ్ల రోడ్డు మీద నాకు జాకెట్లు కుట్టే దుకాణం ఉంది. మా ఆయన ఇంజినీరింగు కాలేజీ బస్సు నడుపుతాడు. ఇంట్లో మాతోపాటు మా అత్తమ్మ ఉంటుంది. మా చుట్టుపక్కల పొలాలన్నీ ఫామ్‌హౌసులైపోయాక వాటిలో చాలావాటిని షూటింగులకు కిరాయికి ఇస్తున్నారు. ఒకరోజు ఎంకపల్లి దారిలోని ఒక ఫామ్‌హౌసులో హీరోయిన్ జాకెట్టు చంకలో పిగిలిపోయిందట. ప్రొడక్షన్ మేనేజరు బైకేసుకొని నా దుకాణం ముందు దిగాడు. "అక్కా, నీకు దండం పెడ్త, జర సూదీ దారం పట్టుకొని ఎక్కు" అన్నాడు. ఎక్కాను.

నేను ఆ చిరుగు కుడుతుంటే డైరెక్టరు నావైపే చూస్తున్నాడు. ఏం చూస్తున్నాడా అని కొంగు సర్దుకున్నాను. ఆయన మేనేజర్ని పిలిచి, "ఈవిడ అచ్చం చనిపోయిన అమ్మలా లేదూ?" అన్నాడు. నాకు ఒళ్లు మండిపోయింది! చేతిలో కత్తెర కూడా ఉంది. కానీ మేనేజరు చెవిలో అసలు సంగతి చెప్పేసరికి ఆ మంట కాస్తా ఎక్కడికి పోయిందో తెలియదు. టీవీలో కనిపిస్తానంటే ఎవరికి చేదు? ఎర్రచీర కట్టించి, గోడకు ఆనించి నిలబెట్టి, "నవ్వండమ్మా, ఫొటోలో ఉన్నవాళ్లెప్పుడూ నవ్వుతూనే ఉంటారు" అన్నారు. నేను నవ్వాను. ఆ ఒక్క క్లిక్కుతో నటినైపోయాను.

మా అత్తమ్మకు సీరియల్ అంటే పూజతో సమానం. అది ప్రసారమైన సాయంత్రం తెరమీద నన్ను చూడగానే చేతిలో చాయ్ కింద పెట్టి లేచి నిలబడింది. "అయ్యో, అయ్యయ్యో! బతికున్న పిల్లకు దండేసిన్రు గదనే! ఆని చేతులు పడిపోను!" అని టీవీని తిట్టింది. వెంటనే నన్ను గుమ్మంలో కూర్చోబెట్టి ఉప్పూ మిరపకాయలూ తిప్పి దిష్టి తీసింది. తెల్లారేసరికి మాత్రం వాడకట్టంతా తిరిగి, "మా కోడలు టీవీల వస్తుంది, జూసిన్రా లేదా?" అని అడిగి వచ్చింది. నేను విననప్పుడు పొగడటం, వినేటప్పుడు నా చారు పలుచనని తిట్టడం ఆవిడ పద్ధతి.

ఆ తర్వాత నా దశ తిరిగింది. ఆ ఫొటో ఒక కంపెనీ నుంచి ఇంకో కంపెనీకి పోయింది. ఒక చానెల్లో కలెక్టరుకు తల్లినై పోయాను, ఇంకో చానెల్లో విలనుకు మొదటి పెళ్లాన్నై పోయాను. కూరగాయల దుకాణంలో, "అక్కా, నిన్న మళ్ల సచ్చినవంట గద, మా ఇంటామె ఒక్కటే ఏడ్సుడు" అని నాలుగు పచ్చిమిరపకాయలు కొసరు వేసేవారు. నేనేమో రాణిలా సంచీ పట్టుకునేదాన్ని. మెల్లగా ఫొటో నుంచి శవం దాకా ఎదిగాను. సినిమావాళ్లకు ఒక ఆచారం ఉంది. శవం వేషం వేసినవాళ్లు షాట్ కాగానే లేచి కెమెరాలోకి చూసి నవ్వాలి. ఆ నవ్వునూ తీస్తారు, ఎక్కడా వాడరు, కీడు పోవడానికట. నేను ఆ నవ్వును కడుపారా నవ్వేదాన్ని. నా మొత్తం నటనలో ప్రాణం ఉన్న ముక్క అదొక్కటే మరి!

అంతా బాగుందనుకుంటుండగా మా దగ్గర్లోని ప్రొద్దుటూరు నుంచి చిన్నత్త వచ్చి పడింది. మా అత్తమ్మకు చెల్లెలు. ఆమెకు పొలం పనులే తప్ప సీరియళ్లు తెలియవు. ఎవరో ఆకతాయి దండతో ఉన్న నా ఫొటో ఆమె మనవడి ఫోనుకు పంపాడు. ఇంకేముంది, చిన్నత్త ఆటో నిండా ఆడవాళ్లను ఎక్కించుకొని మా గల్లీ మొదట్లోనే దిగి, గుండెలు బాదుకుంటూ వచ్చింది. ఎవరింట్లో ఏమైందో అని తలుపు తీసింది నేనే. నన్ను చూసి చిన్నత్త ఏడుపు ఆపలేదు, ఇంకా గట్టిగా అందుకుంది. దయ్యాన్ననుకుంది కాబోలు. నన్ను గిల్లి చూసి నమ్మాక కూడా వెంట వచ్చినవాళ్లు కొంగులు దించలేదు. "ఏడ్వనీకె తయారై వచ్చినం బిడ్డా, ఒక్కపారే ఎట్ల బంద్ జేస్తం?" అన్నారు. అందరికీ చాయ్ పెట్టాను. ముక్కులు ఎగబీలుస్తూనే తాగారు.

నాకు నవ్వాగలేదు. అత్తమ్మకు తల తీసేసినట్టయింది. వాళ్ల ఆటో కదిలాక నన్ను ఎదురుగా నిలబెట్టింది. "ఇగో జూడు. ఇంకోపారి నువ్వు సచ్చినవనుకో, నీ ఏషాలు బందు. బతికున్న ఏషముంటే చెయ్యి, లేకుంటే మిషన్ కాడ కూసో. నా మాట కాదని పోతే నీతోని నేను మాట్లాడ." మా ఆయన బూట్లు విప్పుతూ అంతా విని, మళ్లీ తొడుక్కొని బయటికి వెళ్లిపోయాడు.

కోపం వచ్చింది గానీ, నా మనసులో ఉన్నదీ అదే. ఒక్కసారి, ఒకే ఒక్కసారి, తెరమీద కళ్లార్పాలి. ఒక మాట మాట్లాడాలి. మిషన్ తొక్కుతూ ఎన్ని మధ్యాహ్నాలు అదే ఆలోచించానో! ఇప్పుడు అది కోరిక కూడా కాదు, షరతైంది. బతికున్న వేషం దొరక్కపోతే నా నటన ముగిసినట్టే.

దొరికింది! మేనేజరు ఫోను చేశాడు. "అక్కా, సీరియల్ గాదు, సినిమా. హీరోయిన్ తల్లి. బతికే ఉంటది, ఫికర్ జెయ్యకు. డైలాగ్ గూడ ఉన్నది." ఫోను పెట్టేసి దుకాణంలో గిరగిరా తిరిగాను. కత్తిరించాల్సిన చేతులకు బదులు ఒకావిడ జాకెట్టు మెడ కత్తిరించాను. ఆ డైలాగు ఇది: "కాళ్లు కడుక్కుని రా అమ్మా, అన్నం పెడతాను." అంతే! కానీ అందులో నాకు దొరకని రుచి లేదు. మా మేడమీద కోస్తా నుంచి వచ్చిన కుటుంబం కిరాయికి ఉంటుంది. కొడుకు సాఫ్ట్‌వేరు, తల్లిని నేను పిన్నిగారూ అంటాను. ఆవిడ నాకు శిక్షణ ఇచ్చింది. "అంత ఆవేశం వద్దండీ. మీరు పిలిస్తే పిల్ల అన్నానికి రాదు, పారిపోతుంది" అనేది. నేను దుకాణానికి వచ్చినవాళ్ల మీద సాధన చేశాను. జాకెట్టు గుడ్డ ఇవ్వడానికి వచ్చిన ఒకమ్మాయిని అలా పిలిస్తే, పాపం, నిజంగానే నల్లా దగ్గరికి వెళ్లి కాళ్లు కడుక్కొని వచ్చి కూర్చుంది. పెట్టక తప్పింది కాదు. నేను కట్టుకొచ్చుకున్న సద్ది అంతా తిని, చారు బాగుందని చెప్పి వెళ్లింది.

షూటింగు రోజు అత్తమ్మ నాకన్నా ముందు తయారైంది. జరీ అంచు చీర కట్టి, యూనిట్‌వాళ్లకని డబ్బా నిండా సర్వపిండి చేసుకొని ఆటో ఎక్కింది. "నువ్వు మాట్లాడుడు నా కండ్లతోని జూడాలె" అంది. ప్రొద్దుటూరు దాటాక ఒక పాత పెంకుటింట్లో షూటింగు. ఆవిడను వెనకాల టిఫిన్ల టెంటులో కూర్చోబెట్టి లోపలికి వెళ్లాను. మేనేజరు నన్ను చూసి మొహం పక్కకు తిప్పుకున్నాడు. అప్పుడే అర్థమైంది.

"అక్కా, రాత్రి కథ మారింది. తల్లి ముందే పోతదన్నరు, అయితెనే హీరోయిన్‌కు సింపతీ వస్తదంట."

కాదని వెళ్లిపోతే ఈ మేనేజరు మళ్లీ పిలవడు, అతను పిలవకపోతే నన్ను పిలిచేవాళ్లే లేరు. పడుకుంటే అత్తమ్మ షరతు. ఆవిడేమో నాలుగడుగుల అవతల లైట్ బాయ్‌లకు సర్వపిండి తినిపిస్తోంది. ఒక్క షాటే కదా, ఆవిడ చాయ్ తాగేలోగా అయిపోతుంది, ఆ తర్వాత ఏదో ఒకటి చెప్పుకోవచ్చు అనుకున్నాను. పడుకున్నాను. ముక్కుల్లో దూది పెట్టారు, నొసట పసుపు పులిమి రూపాయి బిళ్ల అంటించారు. కళ్లు మూసుకున్నాను. యాక్షన్ అన్నారు.

నా చుట్టూ ఏడవడానికి తెచ్చిన జూనియర్ ఆర్టిస్టులు కొంగులు మొహాన కప్పుకొని భుజాలు ఊపుతున్నారు. ఒకావిడ వక్క నములుతున్న చప్పుడు నాకు వినపడుతోంది. అంతలో లైట్ల వెనక నుంచి నేను బాగా ఎరిగిన గొంతు లేచింది.

"ఏంది గది? గట్లనా ఏడ్సుడు? కోడి తప్పిపోయినా ఇంతకన్న ఎక్కువ ఏడుస్తం గదనే!"

గాజుల చప్పుడు దగ్గరికి వచ్చింది. ఎవరినో పక్కకు తోసినట్టుంది. "నువ్వు జరుగు" అంది. ఇక నా పని అయిపోయింది, జుట్టు పట్టుకొని లేపుతుంది అనుకున్నాను. లేపలేదు. నా తల పక్కన కూలబడింది. తర్వాత నా చెంప మీద చెయ్యి వేసి శోకం ఎత్తుకుంది.

"ఓ నా కోడలా... నా బిడ్డా... నేను ముందుగాల పోవాల్సినదాన్ని, నా లైన్ల నువ్వు జొరబడితివానే... దవాఖానల నేను పండితె కసురుకుంటనే నా తల దువ్వితివి గదనే... పొద్దుటి గోలి ఏదో రాత్రి గోలి ఏదో నాకెవలు జెప్తరే... నీ చారు పలుచనని ఊరంత జెప్పుకుంటి గదనే... ఆ చారు లేకుంటె నాకు ముద్ద దిగదని ఒక్కపారన్న జెప్పకపోతి గదనే... రేపు జెప్దామనుకుంటి, ఎల్లుండి జెప్దామనుకుంటి..."

నాకు పెళ్లై ఎన్నో ఏళ్లయింది. ఇందులో ఒక్క ముక్క నేనెప్పుడూ విని ఉండలేదు. ఊపిరి బిగబట్టాను. పళ్లు బిగబట్టాను. శవానికి ఏదీ చేతకాకూడదు కదా! కానీ కంట్లో నీళ్లకు ఆ సంగతి ఎవరు చెప్పాలి? మూసిన రెప్పల కింద నుంచి జారి చెవిలోకి వెచ్చగా దిగాయి.

"సార్, శవం ఏడుస్తోంది" అన్నాడు కెమెరా అసిస్టెంటు.

"కట్ చెప్పకండి! ఎవ్వరూ కదలకండి" అన్నాడు డైరెక్టరు. మాటలు ఎలాగూ తర్వాత డబ్బింగులో చెప్పించుకుంటారు కాబట్టి ఆయన షాట్ మధ్యలోనే అరుస్తున్నాడు. "ఆ ముసలమ్మ మళ్లీ ఇలా చెయ్యదు. అమ్మా, శవంగారూ, కళ్లు తెరవండి! మెల్లగా! ఏదో ఒకటి మాట్లాడండి. కథ సంగతి నేను చూసుకుంటా!"

కళ్లు తెరిచాను. బతికాను. కెమెరా నా మీదే ఉంది. ఇన్ని ఏళ్లు దేనికోసం తపించానో ఆ క్షణం నా నోటి ముందుంది. పిన్నిగారు నేర్పిన డైలాగు ఒక్క అక్షరం గుర్తు రాలేదు. నా మీద వంగిన మొహం మాత్రం కనిపించింది, ముక్కు కారుతూ, బొట్టు చెదిరి.

"అత్తమ్మా, ఊకో. నేనున్న గద" అన్నాను.

ఆవిడ కొంగుతో ముక్కు తుడుచుకుంది. తర్వాత నా భుజం మీద ఫెడీమని ఒకటి ఇచ్చింది. "ఉంటె జెప్పవేందే!"

అంతే, ఆ ఇల్లు పెంకులు లేచిపోయేలా నవ్వింది. మేనేజరు చప్పట్లు కొడుతున్నాడు, వక్క నమిలే ఆవిడ నిజంగా ఏడుస్తోంది, కథ రాసినాయన తల పట్టుకొని గోడకు ఆనుకున్నాడు. తల్లి చావలేదని, సినిమా చివరిదాకా బతికే ఉంటుందని డైరెక్టరు అక్కడికక్కడే ప్రకటించాడు. ఆమెకు ఒక అత్త కూడా ఉంటుందట. నేను ముక్కుల్లో దూదితోనే ఎగిరి గంతేశాను.

తిరుగు ప్రయాణంలో ఆటోలో నా నోరు ఆగితేనా! ఏ సీన్లో ఏ చీర కట్టాలో దారి పొడవునా నేనే మాట్లాడాను. చివరికి ఉండబట్టలేక అడిగాను.

"అత్తమ్మా, గా ఏడుపుల అన్నయన్నీ నిజమేనా? చారు ముచ్చట, తల దువ్విన ముచ్చట?"

"యాక్టింగు జేసిన" అంది. "నీకొక్కదానికే వస్తదా?"

అని కొంగు చివర తడిచేసి, నా నొసటి మీది పసుపు తుడవడం మొదలుపెట్టింది. మేకప్ అక్కడే కడుక్కున్నానని చెప్పాను. వినలేదు. చర్మం మంటెత్తేదాకా తుడుస్తూనే ఉంది.